వహాకాలో నేను ఊడ్చిన వాకిలి

ఈ ప్రయాణం గురించి ఏడాది కిందటే రాయవలసింది. రాయలేకపోయాను. మా డ్వాక్రా సంఘానికి మధ్యాహ్నం పూట చదువు చెప్పే అమ్మాయి వచ్చేవరకు నాకు వేలిముద్రే సంతకం. యాభై మూడో ఏట అ, ఆ దిద్దాను. నలభై ఏళ్ళు ముగ్గు వేసిన చెయ్యి కాబట్టి గుండ్రాలు తిప్పడం కష్టం కాలేదు. పెన్ను పట్టుకోవడమే కష్టమైంది. పిండి వేళ్ళ మధ్యనుంచి జారాలి, పెన్ను జారకూడదు. ఉత్తరం ముక్క రాయడం, బస్సు బోర్డు చదవడం వేరు. ఇన్ని పేజీలు రాయాలంటే ధైర్యం చాలలేదు.

అది ఒక కారణం. రెండోది, అక్కడ నేను చేసిన ఒక పని. దాన్ని దాటేసి మిగిలింది రాద్దామని నాలుగుసార్లు కూర్చున్నాను. దాన్ని దాటేస్తే ఇక మిగిలేది ఏం తిన్నానో, ఏం కొన్నానో మాత్రమే. అందుకని జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

నేనుండేది అనకాపల్లిలో. నా పేరు పైడితల్లి. మా అన్న కూతురు రూప విశాఖపట్నంలో ఒక బడిలో డ్రాయింగు టీచరు. నేను ఎక్కడ ముగ్గు వేసినా ఫోనులో తీసి అందరికీ కనబడేలా పెట్టేది. అవి చూసి మెక్సికో దేశంలో వహాకా అనే ఊరినుంచి, చెక్క మీద బొమ్మ చెక్కి కాగితం మీద అచ్చువేసే ఒక కార్ఖానా వాళ్ళు పిలిచారు. నేల మీద బొమ్మలు వేసే ఆడవాళ్ళను అక్కడినుంచీ ఇక్కడినుంచీ రప్పించి, తమ ఊరి ఆడవాళ్ళ పక్కన కూర్చోబెడతారట. ఖర్చులు వాళ్ళవే, తోడు రూప.

"నానెల్లను. అచ్యుతాపురం బస్సెక్కితేనే నాకు కళ్ళు తిరుగుతాయి," అన్నాను.

"బస్సు కాదత్తా, ఇమానం."

"అదైతే మరీని."

అయినా వెళ్ళాను.

తెల్లపొడి

అక్కడి పిండి ఎలా ఉంటుందో తెలియదు కదా అని కిలోన్నర ముగ్గుపిండి కవరులో కట్టి పెట్టెలో పెట్టుకున్నాను. రూపకి చెప్పలేదు. మెక్సికో సిటీ విమానాశ్రయంలో ఒక ఆఫీసరమ్మ పెట్టె తెరిచి ఆ కవరు పైకెత్తింది. ఇంకో ఇద్దరిని పిలిచింది. వాళ్ళు ఒక కుక్కను తెచ్చారు. రూప మొహం ఆ పిండికంటే తెల్లబడింది.

"అత్తా! తెల్లపొడి పట్టుకొచ్చీసేవా? ఈల్లు మనల్ని ఏటనుకుంటారో తెలుసా నీకు?"

నాకు తెలియదు. వాళ్ళకు తెలియంది మాత్రం నాకు తెలుసు కాబట్టి, వాళ్ళ ఇనుపబల్ల మీద వేలితో మూడు వరసల చుక్కలు పెట్టి, చుట్టూ మెలిక తిప్పి చూపించాను. కుక్క వాసన చూసి గట్టిగా తుమ్మింది. ఒక చుక్క ఎగిరిపోయింది. ఆఫీసరమ్మ నవ్వు ఆపుకోలేక ఫోను తీసి బల్లను ఫొటో తీసుకుంది. ఇంకెవరికో చూపించి, ఏదో పరీక్ష చేసి, అరగంట తర్వాత కవరు చేతిలో పెట్టింది. బల్ల మాత్రం తుడవనివ్వలేదు. అలాగే ఉండనీ అని సైగ చేసింది.

చదివించే గోడలు

మెక్సికో సిటీలో రెండు రోజులున్నాం. వీధిలో ఎటు చూసినా ఒకే ఆడమనిషి బొమ్మ. సంచుల మీద, జాకెట్ల మీద, అగ్గిపెట్టెల మీద కూడా. రెండు కనుబొమలు కలిసిపోయి, తలనిండా పూలు పెట్టుకుని ఉంది.

"ఈవిడ ఏ అమ్మవారే?" అని అడిగాను.

రూప పగలబడి నవ్వింది. "అమ్మోరు కాదత్తా, బొమ్మలేసుకున్న మనిషి. నడుం ఇరిగి మంచం మీదున్నా అద్దం పెట్టుకుని తన బొమ్మ తనే ఏసుకునేది."

అమ్మవారు కాకపోయినా దండం పెట్టదగిన మనిషే అనుకున్నాను. అయితే అగ్గిపెట్టె మీద వేయడం నాకు నచ్చలేదు.

బండిమీద మామిడికాయ ముక్కలమ్మే ఆవిడ నిమ్మకాయ పిండి, పైన కారం చల్లి ఇచ్చింది. మన బళ్ళ దగ్గర ఉప్పూకారం రాసిన జామకాయ రుచే. కప్పు మన డబ్బుల్లో నూట యాభై పైమాటే. రెండోది కొననివ్వలేదు రూప.

మర్నాడు చదువుల శాఖ పాతభవనానికి తీసుకెళ్ళింది. లోపల పెద్ద పెద్ద నడవలు, అంతస్తు మీద అంతస్తు, గోడలన్నీ బొమ్మలే. వందేళ్ళ కిందట ఆ దేశంలో పెద్ద పోరాటం జరిగిందట. అది సద్దుమణిగాక చదువుల మంత్రిగా వచ్చిన ఒక ఆలోచనాపరుడు పెయింటర్లను పిలిచి, మన జనంలో ఎక్కువమందికి చదువు రాదు, వాళ్ళు చదువుకునేలా గోడలు నింపండి అన్నాడట. ఆ పెయింటర్లు కూడా మేం గొప్పవాళ్ళం అనుకోలేదట. తాపీపనివాళ్ళలా సంఘం పెట్టుకుని నిచ్చెనలెక్కారట. రూప ఇవన్నీ చెబుతూ ఉంది. నేను ఒక గోడ ముందు ఆగిపోయాను.

ఆ గోడ మీద చెరకురసం కాగుతోంది. పొడుగాటి కర్రలతో మనుషులు నడుములు వంచి దాన్ని కలియబెడుతున్నారు. అది ఏమిటో ఎవరూ చెప్పక్కర్లేకపోయింది. మా ఆయన ముప్పై ఏళ్ళు బెల్లం పెనం దగ్గర సరిగ్గా అలాగే వంగి నిలబడ్డాడు. ఎడమకాలు కొంచెం ముందుకు, మొహం ఆవిరికి పక్కకు తిప్పి. ఆ పెయింటరు ఎవరో గాని పెనం దగ్గర నిలబడి చూసిన మనిషి.

కాపలా ఉన్న పెద్దావిడ నా దగ్గరకు వచ్చి ఏదో అడిగింది. ఇక్కడొక మాట చెప్పాలి. అక్కడివాళ్ళ మాటలు, ఇంగ్లీషులోనో ఫోను తర్జుమాతోనో, రూప నోటినుంచే నాకు వచ్చేవి. అందుకని ఈ కథనంలో అందరూ అనకాపల్లి వాళ్ళలాగే మాట్లాడతారు. ఏమనుకోకండి.

"అరగంటనుంచి నిలబడ్డావు, కాళ్ళు నొప్పెట్టవా అంటంది," అంది రూప. ఆవిడే తన స్టూలు తెచ్చి వేసింది. ఆవిడ తల్లి ఆ వీధి చివర రొట్టెలమ్మేదట. అక్షరం రాదట. ఆదివారం ఆదివారం పిల్లను తెచ్చి ఈ గోడలన్నీ చదివి వినిపించేదట.

"ఒకే గోడ ఒక్కో ఆదివారం ఒక్కోలా సదివేదట," అంది రూప. "ఏది నిజమో ఈవిడకి ఇప్పటికీ తెలీదట."

నవ్వాను. నవ్వుతూనే కళ్ళు తుడుచుకున్నాను. ఎందుకో చెబుతాను, ఇది తెలియకపోతే తర్వాతది అర్థం కాదు.

ఈ ప్రయాణానికి మూడేళ్ళ ముందు ఒక ఉదయం మా ఆయన పనికి వెళ్తూ నా ముగ్గు తొక్కాడు. ఎప్పుడూ పక్కనుంచి దాటే మనిషి, ఆ రోజు ఒక కాలు పద్మం రేకు మీద పడింది. "తొక్కీసేవు," అన్నాను. "మరేటి సేత్తాను, నీ ముగ్గు ఈదంతా పరిసేవు," అన్నాడు. మధ్యాహ్నానికి పెనం దగ్గరే గుండె ఆగిపోయింది. ఇంటికి తెచ్చేసరికి వాకిట్లో ముగ్గు లేదు. మా తోటికోడలు సింహాచలం ఊడ్చేసింది. మాకూ వాళ్ళకూ మధ్య ఒకటే గోడ. మనిషి పోయిన ఇంట ముగ్గు ఉండకూడదు, ఆచారం. ఆమె చేసింది తప్పు కాదు. కానీ ఆ పద్మం రేకు మీద ఆయన కాలిగుర్తు ఉంది. దాన్ని ఒక్కసారి చూసుకుందామనుకున్నాను. ఆనాటినుంచి సింహాచలంతో అవసరమైన మాటే గాని మంచి మాట లేదు. ఊళ్ళో అందరి వాకిళ్ళలో ముగ్గు వేశాను. నా వాకిట్లో వేయలేదు.

బెల్లం అచ్చులు, వేపిన మిడతలు

మూడో రోజు బస్సులో కొండలు దాటి వహాకా చేరాం. అక్టోబరు చివర. దారి పొడుగునా బంతి చేలు. చనిపోయినవాళ్ళ పండగ దగ్గరపడుతోందని, ఆ రోజుల్లో పోయినవాళ్ళు ఇళ్ళకు తిరిగి వస్తారని, ఊళ్ళన్నీ సిద్ధమవుతున్నాయని రూప చెప్పింది.

సంతలో బెల్లం కనబడింది! చిన్న గోపురాల్లాంటి అచ్చులు, గోధుమరంగు. ఒక్కోటి డెబ్బై రూపాయల దగ్గర పడింది. కొరికి చూశాను. పాకం కొంచెం ముదిరింది, సున్నం తగ్గింది. అమ్మే ఆవిడతో ఆ మాట చెప్పమంటే రూప చెప్పనంది. నేనే చేతులతో పెనం, మంట, గరిటె చూపించి చెప్పాను. ఆవిడ నడుం మీద చెయ్యి వేసుకుని, నువ్వొచ్చి వండు అన్నట్టు తన కుర్చీ ఖాళీ చేసింది.

పక్కన బుట్టల్లో ఎర్రగా వేపిన మిడతలు. ఇంకో దేశంనుంచి వచ్చిన ఒకావిడ చూసి మొహం తిప్పుకుంది. తొలకరి వానకు లేచిన ఉసిళ్ళు వేపుకుని తిన్న నోరు నాది. గుప్పెడు తీసుకుని నోట్లో వేసుకున్నాను. నిమ్మపులుపు, కారం, కరకర. ఉసిళ్ళంత కమ్మగా లేవు గాని పరవాలేదు.

బంతిపూల ఇల్లు

మాకు బస ఇచ్చింది ఎస్పెరాన్సా. ఆ అచ్చు కార్ఖానాలో పని చేస్తుంది. యాభై ఏళ్ళుంటాయి, మోచేతులవరకు నల్లసిరా మరకలు. మేం వెళ్ళేసరికి సాయంత్రమైంది. ఇంటినిండా జనం. గడపనిండా బంతిపూలు. నడుమ ముంగిట, వసారా కింద ఒక బల్ల మీద కొవ్వొత్తులు, ఎవరిదో ఫొటో, పళ్ళు. పెద్ద మట్టిబేసిన్లలో చాక్లెట్ కాచి, రొట్టె ముంచుకుని తినమని వచ్చినవాళ్ళందరికీ ఇస్తున్నారు. నాకూ ఇచ్చారు. మొక్కజొన్నపిండిని పొత్తు మీది ఆకుల్లో చుట్టి ఆవిరికి ఉడికించినవి రెండు పెట్టారు. ఎస్పెరాన్సా నన్ను కౌగిలించుకుని, నా చేతులు తిప్పి చూసి, వేళ్ళ చివర్లు తడిమింది.

పండగ ఇల్లు అనుకున్నాను. ఎవరైనా ఏమనుకుంటారు? మన దగ్గర మనిషి పోతే పొయ్యి వెలిగించరు, బంధువులు అన్నం తెచ్చి పెడతారు, బంతిపూలు గుమ్మానికి కట్టరు. మాకెవరూ చెప్పలేదు. ఎస్పెరాన్సా చెబుతుందని కార్ఖానావాళ్ళు అనుకున్నారట. వాళ్ళు చెప్పేశారని ఎస్పెరాన్సా అనుకుందట. ప్రయాణం బడలికతో పక్క గదిలో పడి నిద్రపోయాను.

చీపురు

తెల్లవారుతుండగా మెలకువ వచ్చింది. అలవాటు. ఇల్లంతా నిద్రపోతోంది. ముంగిట్లోకి వచ్చాను. వసారా కింద, ఆ బల్ల ముందు, నేల మీద రంగుల ఇసుకతో పెద్ద ముగ్గు ఉంది. నిన్న సాయంత్రం జనం కాళ్ళ మధ్య నాకు కనబడలేదు. నిచ్చెన మీద నిలబడిన ఒక మనిషి బొమ్మ. చుట్టూ పూలు. బాగా వేశారు. కానీ అంచు మీద కొవ్వొత్తి మైనం కారింది, పిల్లి ఒక మూలనుంచి మరో మూలకు నడిచి వెళ్ళింది, పూలు వాడిపోయాయి.

ఎంత బాగా వేసినా నిన్నటి ముగ్గు నిన్నటిదే. మా వీధిలో ఎంతటి రథం ముగ్గైనా తెల్లవారితే చీపురు కిందికే. పాచివాకిలితో పొద్దు పొడవకూడదు. పైగా పండగ ఇల్లు. వీళ్ళు అలిసిపోయి పడుకున్నారు, అన్నం పెట్టిన ఇంటికి ఈమాత్రం చేయకపోతే ఎలా అనుకున్నాను.

మూల చీపురు ఉంది. శుభ్రంగా ఊడ్చాను. ఎక్కడ పారబోయాలో తెలియక ఆ ఇసుకంతా ఒక బకెట్టులోకి ఎత్తాను. నీళ్ళు చల్లాను. నా పిండి తెచ్చి ఇరవయ్యొక్క చుక్కల పద్మం వేయడం మొదలుపెట్టాను. చాలా రోజుల తర్వాత చెయ్యి బాగా సాగింది.

ఆఖరి రేకు కలుపుతుండగా ఎస్పెరాన్సా తలుపు తీసింది. నేను తలెత్తి నవ్వాను. ఆమె నవ్వలేదు. నోటి మీద చెయ్యి వేసుకుంది. గోడ పట్టుకుని మెల్లగా నేల మీద కూర్చుండిపోయింది.

కేక వేసి ఉంటే బాగుండేది. రూప పరుగెత్తుకొచ్చింది. వాళ్ళిద్దరూ ఇంగ్లీషులో మాట్లాడుకున్నారు. రూప నావైపు తిరిగింది.

"అత్తా, ఏటి సేసేవత్తా... ఆ ఫొటోలో ఉన్నాయన ఈవిడ నాన్న. పోయి ఎనిమిది రోజులు. ఆయన్ని పడుకోబెట్టిన చోటే ఆ బొమ్మ ఏసేరు. తొమ్మిదో రోజు పాటలు పాడి ఆ ఇసక ఎత్తి సమాధి మీద పోత్తారు. అప్పటివరకూ ఆయన ఇంట్లోనే, ఆ బొమ్మలోనే ఉంటాడట. ఎత్తేది రేపు."

నా చేతిలో పిండి అలాగే ఉంది. ఎస్పెరాన్సా ఏదో అడిగింది. రూప చెప్పలేదు. "సెప్పవే," అన్నాను.

"ఇప్పుడు మా నాన్న ఎక్కడున్నాడు అంటంది."

మూడేళ్ళు నేను సింహాచలాన్ని అడగకుండా అడుగుతున్న ప్రశ్న అదే. లేచి వెళ్ళి ఆ బకెట్టు తెచ్చి, రెండు చేతులతో ఆమె ముందు పెట్టాను.

"ఇందులో ఉన్నాడమ్మా. గింజ కూడా పారబొయ్యనేదు."

రూప ఆ మాట చెప్పింది. ఎస్పెరాన్సా బకెట్టులోకి చూసింది. ఎరుపూ పసుపూ నీలమూ కలిసి అంతా మట్టిరంగు అయిపోయింది. అందులో చెయ్యి పెట్టి అప్పుడు ఏడ్చింది.

కాసేపటికి ఔరెలియో వచ్చాడు. పోయినాయనకు, అంటే మతియాస్‌కు, చిన్ననాటి స్నేహితుడు. పల్లెల్లో పెద్దవాళ్ళకు చదువు చెప్పిన మాష్టారు, ఎనభై ఏళ్ళు. ఆ ఇసుకబొమ్మ ఆయన వేసిందే, వణికే చేతులతో మూడు రోజులు పట్టిందట. నేను ఊడ్చిన నేలను, నా పద్మాన్ని చూస్తూ కర్ర మీద ఆనుకుని చాలాసేపు నిలబడ్డాడు.

"మతియాస్ నలభై ఏళ్ళు బడి గోడల మీద బొమ్మలేసేడు," అన్నాడు. "సంత దగ్గర గోడకి ఆపీసరోళ్ళు మూడుసార్లు సున్నం కొట్టించేరు. మూడుసార్లూ వీదంతా దద్దరిల్లేలా తిట్టేడు. మూడుసార్లూ కాపీ తాగి, నిచ్చెనెక్కి మళ్ళీ ఏసేడు. ఇవాళ తిట్టడానికి ఆ తిట్టేవోడే లేడు."

ఎస్పెరాన్సా ముక్కు తుడుచుకుంది. ఆయన తన చేతులు చాపి చూపించాడు. వేళ్ళు గాలికి ఆకుల్లా వణుకుతున్నాయి.

"నేను మళ్ళీ ఏయలేను. రేపటికి అసలు కాదు."

నేను నా చేతులు చాపాను. "నానేత్తాను. ఆయనెలా ఉంటాడో సూపించండి," అన్నాను.

ఎస్పెరాన్సా నావైపు చూడకుండానే కారు తాళం తీసింది.

బడి గోడ

గంట ప్రయాణం. కొండ కింద పల్లె, రేకుల బడి. వీధివైపు గోడ ఈ చివరనుంచి ఆ చివరకు మతియాస్ వేసిందే.

రంగులు ఎండకు వెలిశాయి. ఎడమవైపు మొక్కజొన్న చేను, నూరుతున్న ఆడవాళ్ళు. నడుమ ఒక పంతులమ్మ, ఆమె చుట్టూ పిల్లలు, పిల్లల మధ్య ముసలివాళ్ళు. నేను ఎడమనుంచి కుడికి మెల్లగా చదువుకుంటూ నడిచాను. ఒకచోట ముసలావిడ ఒకామె బొటనవేలు పైకెత్తి చూపిస్తోంది. వేలికి నల్లసిరా. పక్కనే మళ్ళీ ఆవిడే, అదే వేలికి సుద్దముక్క ఆనించి పట్టుకుని పలక మీద గీస్తోంది.

ఎవరూ చెప్పక్కర్లేకపోయింది. నా బొటనవేలు ఎత్తి ఆ వేలు పక్కన గోడకు ఆనించాను. బ్యాంకులో, రేషను దగ్గర, సంఘంలో, ముప్పై ఏళ్ళు సిరా అంటిన వేలు. చీరకొంగుకు ఎంత తుడిచినా సాయంత్రం దాకా పోని మరక.

"నాకూ అంతే. యాబై మూడో ఏడు వరకు," అన్నాను.

రూప చెప్పింది. ఎస్పెరాన్సా ఆ రోజు మొదటిసారి నా మొహంలోకి చూసింది.

"అది మా నాయనమ్మ," అంది. "నాన్నే నేర్పించేడు. పేరు రాయడం వచ్చేక ఇంటి తలుపులన్నిటి మీదా సుద్దతో రాసి పాడుసేసిందట."

"మరి మీ నాన్నేడీ?"

ఆమె గోడ కుడిచివర కింద చూపించింది. జానెడు బొమ్మ. నిచ్చెన మీద మనిషి, మనకు వీపు చేసి, చేతిలో కుంచె, చెప్పుల్లేని పాదాలు. మొహం లేదు.

"మొకమేత్తే మొకం సూత్తారు, ఈపేత్తే పని సూత్తారు అనేవోడు," అన్నాడు ఔరెలియో. "గొప్పోణ్ణని కాదు. మొకాలేయడం వాడికి సరిగ్గా వచ్చేది కాదు."

ఎస్పెరాన్సా ఆయన భుజం మీద ఒకటి వేసింది. నేను వంగి ఆ పాదాలు చూశాను. మడమలు పగిలి ఉన్నాయి. అంత చిన్న బొమ్మలో కూడా ఆ పగుళ్ళు వేసుకున్నాడు.

కాళ్ళ దగ్గరి ఇసుక

మధ్యాహ్నం ఇంటికి వచ్చి పని మొదలుపెట్టాం. నాకు మనుషుల్ని వేయడం రాదు. చుక్కలు పెట్టడం వచ్చు. నేలంతా చుక్కలు పెట్టాను. ఔరెలియో కుర్చీలో కూర్చుని కర్రతో చూపించాడు: ఇక్కడ భుజం, ఇక్కడ మోచెయ్యి. నేను చుక్కనుంచి చుక్కకు గీత లాగాను. అంచులన్నీ మా అనకాపల్లి ముగ్గుపిండి. బొమ్మ చెయ్యి దగ్గరికి వచ్చేసరికి మాష్టారికీ నాకూ ఒకటే పోట్లాట.

"లావు. అంత లావు కాదు వాడు."

"లావు కాదు, సొక్కా ఎత్తుగా ఉంది."

"ఎనబై ఏళ్ళనుంచి నాకు తెలిసినోడు!"

"ముగ్గులో ఎక్కడ తగ్గించాలో నాకు తెలుసు, మీరుండండి మాష్టారూ."

రూప రెండువైపులా చెప్పలేక మధ్యలో మానేసింది. మానేశాక కూడా మా పోట్లాట బాగానే సాగింది.

ఒంటికి ఏ రంగు ఇసుక వేయాలని వెతుకుతుంటే ఎస్పెరాన్సా లోపలికి వెళ్ళి ఆ బకెట్టు తెచ్చింది. అన్ని రంగులూ కలిసిన ఆ మట్టిరంగునే పిడికిలితో తీసి చేతులకు, మెడకు, పాదాలకు నింపింది. సరిపోయింది. మడమల పగుళ్ళు నేను వేలిగోటితో తీశాను. చీకటి పడకముందే పూర్తయింది. పిల్లిని గదిలో పెట్టి తలుపు వేశారు.

మర్నాడు ఉదయం నేను మంచం దిగకుండా కూర్చున్నాను. చీపురువైపు చూడనైనా లేదు. సాయంత్రం జనం వచ్చారు. పాడుతూ బొమ్మను భాగాలుగా ఎత్తుతారు. తల ఒకరు, ఒక్కో చెయ్యి ఒకరు, గుండె ఒకరు. ఎవరికి ఏ భాగమో ఇంటివాళ్ళు చెప్పాలి. తల ఔరెలియో ఎత్తాడు. గుండె ఎస్పెరాన్సా. నేను వెనక స్తంభం దగ్గర నిలబడ్డాను. ఎస్పెరాన్సా తిరిగి నన్ను వేలితో పిలిచింది.

"కాళ్ళు నువ్వెత్తమంటంది," అంది రూప నెమ్మదిగా.

చిన్న కొత్త చీపురు చేతిలో పెట్టి, ఇసుక ఎత్తడానికి ఒక పెట్టె ముందుంచారు. మోకాళ్ళ మీద కూర్చున్నాను. మొదట చీపురు ముట్టుకోలేదు. ఆ పాదాలను తృప్తిగా చూశాను. ఎవరూ తొందరపెట్టలేదు, పాట ఆగలేదు. చూడవలసినంతసేపు చూశాక, మెల్లగా పెట్టెలోకి ఎత్తాను. పది రోజుల ప్రయాణంలో నేను మాట్లాడకుండా చేసిన పని అదొక్కటే. ఎస్పెరాన్సా నా పక్కన కూర్చుని పెట్టె పట్టుకుంది. సమాధి దగ్గర ఆ ఇసుక పోస్తుంటే గాలికి కొంచెం నా చీర మీద పడింది. దులపబోతే ఆమె చెయ్యి పట్టుకుని ఆపింది.

మిగిలిన రోజులు కార్ఖానాలో నేర్పాను, నేర్చుకున్నాను. నా పద్మాన్ని చెక్క మీద చెక్కి నల్లసిరాతో అచ్చు వేశారు. కింద సంతకం పెట్టమన్నారు. తెలుగులో పెట్టాను. ఎస్పెరాన్సా ఇంకో కాగితం తెచ్చి, నవ్వుతూ సిరాపళ్ళెం ముందుకు తోసింది. దాని మీద వేలిముద్ర వేశాను. ఆ కాగితం ఆమె దగ్గరుంది, సంతకం ఉన్నది నా దగ్గరుంది.

మళ్ళీ అనకాపల్లి

ఇంటికి చేరేసరికి సాయంత్రం. వచ్చినవాళ్ళందరికీ ఆ గోపురం బెల్లం తలా ముక్క పెట్టాను. అందరూ మన బెల్లమే బాగుందన్నారు. సింహాచలం రాలేదు. గోడ అవతల గిన్నెలు తోముతున్న చప్పుడు వినబడింది.

మర్నాడు ఉదయం లేచి చీపురు తీసుకుని నా వాకిలి కాకుండా సింహాచలం వాకిట్లోకి వెళ్ళాను. ఆమె అప్పుడే నీళ్ళు చల్లుతోంది. నన్ను, నా చేతిలో చీపురును చూసి చెంబు కింద పెట్టింది.

"ఏటే పైడీ, పొద్దున్నే సీపురట్టుకుని మీదకొచ్చేవు?"

"అక్కా, ఆ రోజు నా ముగ్గు ఊడిసేవు కదా. దాని మీద మీ మరిది కాలిగుర్తుంది. సూసేవా?"

సింహాచలం తడిచేతులు కొంగుకు తుడుచుకుంది.

"సూసేను. సూసే ఊడిసేను. ఆచారం, ఏటి సెయ్యను. అందరూ వచ్చీత్తన్నారు." గోడ పక్కన మందారం మొక్కవైపు గడ్డం ఎత్తింది. "పారబొయ్యడానికి సెయ్యి రానేదు. ఆ పిండి, ఆ మట్టి ఎత్తి దాని మొదట్లో పోసేను. ఎప్పుడడుగుతావా అని మూడేళ్ళనుంచి సూత్తన్నాను."

మందారం మొదట్లో కూర్చున్నాను. మట్టి మట్టిలాగే ఉంది. ఆమె కూడా మోకాళ్ళు పట్టుకుని నా పక్కన కూలబడింది.

పొద్దు పొడుస్తోంది. ఇద్దరం లేచి మా వాకిట్లోకి వచ్చాం. నేను ఊడ్చాను, ఆమె నీళ్ళు చల్లింది. ముగ్గుగిన్నె ఆమె చేతికిచ్చి చుక్కలు పెట్టమన్నాను. ఇరవయ్యొకటి పెట్టమంటే మాటల్లో పడి పంతొమ్మిదే పెట్టింది. ఏమీ అనకుండా దానికే పద్మం కలిపాను.